క్యాప్షన్‌లో ‘ఫ్రీస్టైల్’ సరే.. నిజంగా అప్పటికప్పుడు అల్లిందేనా? కోస్గి లాంటి ఊళ్లో ర్యాప్‌కి అడ్డొస్తున్నదేంటి?

ఫోన్ స్టాండ్‌కి పెట్టి ఉంది. వెనక యూట్యూబ్‌లో దొరికిన ఫ్రీ బీట్ నడుస్తోంది. కుర్రాడు కెమెరాలోకి చూస్తూ ముప్పై సెకన్లు గుక్క తిప్పుకోకుండా ర్యాప్ కొట్టేశాడు. ఒక్క మాట తడబడలేదు, ఒక్క ప్రాస తప్పలేదు. కింద క్యాప్షన్: ఫ్రీస్టైల్. కామెంట్ల నిండా ఫైర్ ఎమోజీలు. ఇలాంటి రీల్ ఎప్పుడూ స్క్రోల్‌లో తగలనివాళ్లు తక్కువే. ఇంతకీ అది నిజంగా అప్పటికప్పుడు అల్లిందేనా?

చాలావరకు కాదు. ఆ సంగతి ర్యాప్ కొట్టేవాళ్లకూ తెలుసు, చూసేవాళ్లలో సగం మందికీ తెలుసు. రాసుకుని, బట్టీ పట్టి, నాలుగైదు టేకులు తీసి, బాగా వచ్చినదాన్ని పోస్ట్ చేయడం మామూలైపోయింది. దీన్ని మోసం అని కొట్టిపారేయడం తేలికే. కానీ కుర్రాళ్లు అలా ఎందుకు చేస్తున్నారో చూస్తే కథ వేరేలా కనిపిస్తుంది. హైదరాబాద్‌లో కంటే కోస్గి లాంటి ఊళ్లో అది ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది.

కోస్గి పేరు ఈ మధ్య వార్తల్లో వచ్చిందంటే కారణం దాదాపు ఒక్కటే.. ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి ప్రాతినిధ్యం వహిస్తున్న కొడంగల్ నియోజకవర్గంలో ఉంది కాబట్టి. 2024 ఫిబ్రవరి 21న నారాయణపేట-కొడంగల్ ఎత్తిపోతల పథకానికి సీఎం శంకుస్థాపన చేసింది ఇక్కడే. అదే ఏడాది ఇక్కడి ప్రభుత్వ పాలిటెక్నిక్‌ని ఇంజినీరింగ్ కాలేజీ స్థాయికి పెంచారు. మున్సిపాలిటీ ఉంది, ఆర్టీసీ డిపో ఉంది, చేతిలో ఫోన్ లేని ఇంటర్ స్టూడెంట్ లేడు. హైదరాబాద్ మాత్రం వంద కిలోమీటర్ల పైమాటే. ర్యాప్ కేఫ్‌లు, ఓపెన్ మైక్‌లు ఉన్నదంతా అక్కడే.

అసలు ఫ్రీస్టైల్ అంటే ఏంటి?

ఇక్కడే చిన్న మెలిక ఉంది. హిప్‌హాప్ పుట్టింది 1973 ఆగస్టు 11న, న్యూయార్క్ బ్రాంక్స్‌లో డీజే కూల్ హెర్క్ పెట్టిన పార్టీలో అని చెబుతారు. ఆ తర్వాత 1980ల దాకా ఫ్రీస్టైల్ అంటే అప్పటికప్పుడు చెప్పింది అని కాదు. ఒక టాపిక్‌కి కట్టుబడకుండా, పదాల పనితనం చూపించడానికి రాసుకున్న ర్యాప్‌ని అలా పిలిచేవాళ్లు. ఆ కాలం ర్యాపర్ బిగ్ డాడీ కేన్ ఈ మాట స్వయంగా చెప్పాడు. ఆశువుగా చెప్పేదానికి అప్పట్లో వేరే పేరు ఉండేది. 1990లకు వచ్చేసరికి అర్థం తిరగబడింది. రాసుకోకుండా, గుంపు మధ్యలో నిలబడి, బీట్ పడగానే నోటికొచ్చింది ప్రాసలో చెప్పడమే ఫ్రీస్టైల్ అయింది. ఆ గుంపుకి సైఫర్ అని పేరు. 2002లో వచ్చిన ఎమినెం సినిమా ‘8 మైల్’ ఈ అర్థాన్ని ప్రపంచమంతా తిప్పింది. మనదేశంలో 2019లో ‘గల్లీ బాయ్’ ఆ పని చేసింది.

కాబట్టి రాసుకొచ్చి ఫ్రీస్టైల్ అనేవాళ్లు పాత అర్థం ప్రకారం తప్పేం చేయట్లేదు. కాకపోతే చూసేవాళ్లు మాత్రం కొత్త అర్థంతోనే చూస్తున్నారు. ‘అబ్బ, ఎంత స్పాంటేనియస్‌గా చెప్పాడు’ అని మెచ్చుకునేది అందుకే.

నిజంగా అప్పటికప్పుడు చెప్పడం ఎంత కష్టమో ఒక లెక్క చూస్తే తెలుస్తుంది. మామూలు ర్యాప్ బీట్ నిమిషానికి 90 దెబ్బలు అనుకుందాం. నాలుగు దెబ్బలకు ఒక లైన్. అంటే ఒక్కో లైన్‌కి మూడు సెకన్లు కూడా ఉండదు. రెండు లైన్ల జంటకి దాదాపు ఐదు సెకన్లు. ఆ ఐదు సెకన్లలో మాట దొరకాలి, ప్రాస కుదరాలి, అర్థం ఉండాలి, నోరు తిరగాలి. ఇవన్నీ అయ్యేలోపు తర్వాతి జంట నెత్తిమీద ఉంటుంది.

చేయి తిరిగినవాళ్లు దీనికో కిటుకు వాడతారు. రెండో లైన్ చివర పడాల్సిన దెబ్బని ముందే అనుకుంటారు. దానికి ప్రాస కుదిరే మాటని మొదటి లైన్ చివర పెట్టి, వెనక్కి నింపుకుంటూ వస్తారు. వినేవాడికి మాట ముందు నుంచి వెనక్కి వస్తుంది, చెప్పేవాడి బుర్రలో వెనక నుంచి ముందుకు నడుస్తుంది. మధ్యలో ఊపిరి తీసుకోవడానికి అలవాటైన ఊతపదాలు నాలుగు దగ్గర పెట్టుకుంటారు. ఊతపదాలు ఎక్కువైతే గుంపు వెంటనే పట్టేస్తుంది.

హ్యారీ మ్యాక్‌ని చూసి ఆశ్చర్యపోయారా? ఇది చదవండి

లాస్ ఏంజిల్స్ ర్యాపర్ హ్యారీ మ్యాక్ వీడియోలు మన దగ్గర కూడా బాగా తిరిగాయి. ఒమెగల్‌లో ముక్కూ మొహం తెలియనివాళ్లకు కాల్ కలిపి, ఏవైనా మూడు మాటలు ఇవ్వమంటాడు. ఆ మూడూ వాడుతూ, ఎదుటి మనిషి వేసుకున్న చొక్కా, వెనక గోడ మీది పోస్టర్ కూడా కలిపి నిమిషాల తరబడి ర్యాప్ చేస్తాడు. 2023 నవంబర్‌లో ఒమెగల్ మూతపడినా ఆ క్లిప్పులు ఇంకా వైరల్ అవుతూనే ఉన్నాయి.

మన దగ్గర దీని పేరు దత్తపది. అష్టావధానంలో ఎనిమిది మంది పృచ్ఛకులు ఉంటారు. వాళ్లలో ఒకరు నాలుగు మాటలు ఇస్తారు, పొంతన లేనివి ఎంచి మరీ ఇస్తారు. పాదానికొకటి చొప్పున వాటిని వాడి, ఇచ్చిన అంశం మీద, ఛందస్సు తప్పకుండా పద్యం చెప్పాలి. అది చాలదన్నట్టు నిషిద్ధాక్షరి ఒకటి. అవధాని ఒక్కో అక్షరం చెబుతుంటే, తర్వాత ఏ అక్షరం వస్తుందో పృచ్ఛకుడు ఊహించి ‘అది వాడొద్దు’ అని అడ్డం పడతాడు. అవధాని అప్పటికప్పుడు దారి మార్చుకోవాలి. ఇక అప్రస్తుత ప్రసంగం చేసే ఆయన పని మధ్యమధ్యలో చొప్పదంటు ప్రశ్నలేసి ధ్యాస చెడగొట్టడమే. ర్యాప్ బ్యాటిల్‌లో గుంపు లోంచి అరిచేవాడికి కుర్చీ వేసి కూర్చోబెడితే అచ్చం ఇదే!

గమనించాల్సింది ఏంటంటే, రాసుకొచ్చింది చెప్పే వీలు లేకుండా చేయడానికే ఈ ఏర్పాట్లన్నీ. ఎదురుగా ఉన్న మనిషి ఏం అడుగుతాడో ముందు తెలియదు. రీల్‌లో లేనిది ఈ ఎదుటి మనిషే. కెమెరా ఎవరికీ అక్షరం నిషేధించదు, మాట ఇవ్వదు, మధ్యలో అడ్డం పడదు.

పాలమూరుకి ఇది కొత్త కాదు

గద్వాల, వనపర్తి, ఆత్మకూరు, కొల్లాపూర్.. ఉమ్మడి పాలమూరు జిల్లాలోని సంస్థానాలన్నీ కవులను పోషించినవే. అవధానాలతో ఊళ్లు తిరిగిన తిరుపతి వేంకట కవులు గద్వాల, ఆత్మకూరు సంస్థానాలకూ వచ్చారు. తెలంగాణలో కవులే లేరన్న విమర్శ వచ్చినప్పుడు, ఈ జిల్లా మనిషి సురవరం ప్రతాపరెడ్డి 354 మంది కవులతో 1934లో ‘గోలకొండ కవుల సంచిక’ తెచ్చి జవాబు చెప్పారు. ఇవాళ్టి భాషలో చెప్పాలంటే డిస్ ట్రాక్‌కి ఇంత భారీ రిప్లై ఇంకోటి దొరకదు.

అయితే ఈ గొప్ప అందరిదీ కాదు. సంస్థానం గుమ్మం దాటాలంటే ఛందస్సు రావాలి, ఛందస్సు రావాలంటే చదువు కావాలి, ఆ చదువు ఎవరి ఇళ్లల్లో ఉండేదో వేరే చెప్పక్కర్లేదు. మిగిలిన ఊరంతా ఆశువు చెప్పలేదా అంటే, చెప్పింది. కాకపోతే దాన్ని ఎవరూ పుస్తకంలో రాయలేదు. పీర్ల పండుగకు అలాయి గుంత చుట్టూ తిరుగుతూ ఒకరు అందిస్తే గుంపు అందుకునే పాటలు, నాట్లేసేటప్పుడు మేస్త్రి మీద పడే చురకలు, బతుకమ్మ చుట్టూ తిరుగుతూ ఆ ఏడాది ఊళ్లో జరిగిన ముచ్చట కలిపి కట్టే చరణాలు. బుర్రకథలో అయితే కథకుడికి అటూఇటూ ఇద్దరు వంతలు ఉంటారు. ఒకరిది హాస్యం, ఇంకొకరిది రాజకీయం. ఆ రోజు ఆ ఊళ్లో ఏం నడుస్తుందో చూసి విసిరే మాటలు వాళ్లవి. గద్దర్ సభలు చూసినవాళ్లకు తెలుసు, పాట మధ్యలో ఆగి జనంతో మాట్లాడి, ఆ మాటలోంచే మళ్లీ పాటలోకి ఎలా దూకేవాడో. 2002 నుంచి తెలంగాణ ఉద్యమంలో నడిచిన ధూంధాంలు నిలబడింది కూడా ఈ ఒడుపు మీదే.

బ్రాంక్స్‌లో హిప్‌హాప్ పుట్టించింది పేద నల్లజాతి, లాటినో పిల్లలు. అందుకే పోలిక పెట్టాలంటే సంస్థానం కొలువు కంటే పీర్ల గుంత దగ్గరి బంధువు. పరీక్ష పెట్టే పద్ధతి మాత్రం అవధానంలోనే పక్కాగా ఉంది. రెండింటి నుంచీ తీసుకోవాల్సింది ఉంది.

భాష విషయంలో కూడా ఈ ప్రాంతానికి ఒక అదనపు బలం ఉంది. కొడంగల్, తాండూరు తాలూకాలు 1956లో రాష్ట్రాల పునర్విభజన దాకా గుల్బర్గా జిల్లాలో ఉన్నాయి. ఇప్పటికీ ఈ పట్టీలో తెలుగు మాటల్లో కన్నడం దొర్లుతుంది, పక్క గల్లీలో దక్కనీ ఉర్దూ వినిపిస్తుంది. మూడు భాషల్లో ప్రాస వెతుక్కునే ర్యాపర్‌కి ఒక భాషవాడి కంటే దారులు ఎక్కువ. హైదరాబాద్ ర్యాపర్ రోల్ రైడా లాంటివాళ్లు గల్లీ తెలుగుతోనే జనానికి దగ్గరయ్యారు. రుహాన్ అర్షద్ ‘మియా భాయ్’ దక్కనీలోనే దేశమంతా మోగింది. పాలమూరు యాస మాత్రం ఇంకా ఎక్కువగా జానపద పాటల ఆల్బమ్‌లలోనే వినిపిస్తోంది, ర్యాప్‌లో తక్కువ.

తెలుగులో ప్రాస తేలిక.. చిక్కు కూడా అదే

తెలుగు మాటలు దాదాపు అన్నీ అచ్చుతో ముగుస్తాయి. పైగా క్రియలన్నీ ఒకే తోకతో వస్తాయి. వచ్చిండు, తెచ్చిండు, ఇచ్చిండు, చచ్చిండు.. చివరి ప్రాస కావాలంటే క్రియని చివర పెడితే చాలు, ఎంతసేపైనా లాగొచ్చు. ఇంగ్లిష్ ర్యాపర్ చెమటోడ్చి వెతుక్కునేది మనకు వ్యాకరణమే ఫ్రీగా ఇస్తుంది. ఫ్రీగా వచ్చింది కాబట్టే రెండో నిమిషానికి వినేవాడికి విసుగొస్తుంది. చాలా తెలుగు ఫ్రీస్టైల్ వీడియోలు ఒకేలా అనిపించడానికి సగం కారణం ఇదే.

పాత ఛందస్సు దీన్ని ఎప్పుడో పసిగట్టినట్టుంది. ఉత్పలమాల, చంపకమాల, కందం లాంటి పద్యాల్లో ప్రాస ఉండేది పాదం చివర కాదు, ప్రతి పాదంలో రెండో అక్షరం దగ్గర. అక్కడ క్రియ తోక పనిచేయదు. ర్యాప్‌లో దీనికి దగ్గరగా ఉండేది మాటల గుంపుకి మాటల గుంపు ప్రాస కుదర్చడం. ‘కందిచేల’కి ‘ఎండవేళ’ జోడీ పెడితే చివరి ఒక్క అక్షరం కాదు, మొత్తం మాట మోగుతుంది. తాండూరు కంది పండే నేల మీద ఈ ఉదాహరణకి వేరే చోటికి పోనక్కర్లేదు. ఇలాంటి జోడీలు ఒక వంద నోట్లో ఆడుతుంటే తప్ప ఐదు సెకన్లలో దొరకవు. అందుకే అప్పటికప్పుడు చెప్పేవాళ్లు అసలు ప్రిపేర్ అవ్వరు అనుకోవడం పొరపాటు. వాళ్లు లైన్లు రాసి పెట్టుకోరు, మాటలు మాత్రం రోజూ దున్నుతూనే ఉంటారు.

మెదడులో ఎడిటర్‌కి సెలవు, ఫోన్‌లో రికార్డింగ్

2012లో అమెరికాలోని నేషనల్ ఇన్‌స్టిట్యూట్స్ ఆఫ్ హెల్త్ పరిశోధకులు ఒక ప్రయోగం చేశారు. కనీసం ఐదేళ్ల అనుభవం ఉన్న 12 మంది ఫ్రీస్టైల్ ర్యాపర్లను ఎఫ్ఎంఆర్ఐ స్కానర్‌లో పడుకోబెట్టి, ఒకే బీట్ మీద ఒకసారి బట్టీ పట్టిన ర్యాప్, ఇంకోసారి అప్పటికప్పుడు అల్లిన ర్యాప్ చెప్పించారు. అల్లి చెబుతున్నప్పుడు మెదడు ముందు భాగంలో మధ్యనున్న ప్రాంతం చురుగ్గా మారింది. మనల్ని మనం గమనించుకుంటూ అదుపు చేసుకోవడానికి పనికొచ్చే పక్క ప్రాంతం మెత్తబడింది. 12 మందితో చేసిన చిన్న అధ్యయనం కాబట్టి దీన్ని మరీ సాగదీయకూడదు. అయినా ఫ్రీస్టైల్ కొట్టేవాళ్లు ‘నేను చెప్పలేదు, అదే వచ్చేసింది’ అనే మాటకి ఇది దగ్గరగా ఉంది.

అసలు సమస్య ఇక్కడే మొదలవుతుంది. లోపలి ఎడిటర్ పక్కకు తప్పుకున్న టైంలోనే చుట్టూ పది ఫోన్లలో రికార్డింగ్ నడుస్తోంది. బ్యాటిల్ అంటే ఎదుటివాణ్ని ఆడిపోసుకోవడమే. ఆ వేడిలో కులం పేరు దొర్లొచ్చు, ఎవరి ఇంటి ఆడవాళ్ల మీదో మాట పోవచ్చు. కులం పేరుతో నలుగురిలో దళితులు, గిరిజనులను అవమానిస్తే 1989 నాటి అట్రాసిటీ చట్టం కింద నేరం. అది ర్యాప్‌లో అన్నా, మామూలుగా అన్నా తేడా లేదు, ఉండకూడదు కూడా. నాయకుడి మీద మాట తూలితే ఇంకో రకం తలనొప్పి. 2023 ఏప్రిల్‌లో మహారాష్ట్ర ర్యాపర్ రాజ్ ముంగాసేపై రాజకీయ నేతలను విమర్శించిన ర్యాప్ వీడియోకే కేసు పెట్టారు. అది అన్నీ ఆలోచించి రాసుకున్న పాట. ఆలోచించే టైమే లేని మాట సంగతి చెప్పాలా?

హైదరాబాద్‌లో అయితే కనీసం గుంపులో కలిసిపోయే వీలుంది. కోస్గిలో అది లేదు. ఫలానా వాళ్ల అబ్బాయి అని బస్టాండ్ దగ్గర టీ కొట్టులో కూడా గుర్తుపడతారు. తడబడిన ఇరవై సెకన్ల క్లిప్ రాత్రికల్లా కాలేజీ వాట్సాప్ గ్రూప్‌లో, తెల్లారేసరికి చిన్నాన్న ఫోన్‌లో ఉంటుంది. అమ్మాయిల పరిస్థితి వేరే చెప్పాలా.. బాగా చెప్పిన క్లిప్ బయటికొచ్చినా వాళ్లకు ఇంట్లో క్లాసే. ఇలాంటి చోట బుద్ధి ఉన్నవాడెవడైనా రాసుకునే చెబుతాడు. టేకులు తీసి, కట్ చేసి, సేఫ్ అనుకున్నదే పెడతాడు. ఇది టాలెంట్ లేక కాదు, తడబడటానికి చోటు లేక.

తడబడకుండా ఈ విద్య ఎవరికీ రాలేదు. మొదటి వంద సార్లు చెత్తగానే వస్తుంది. ఆ వంద సార్లూ జనం చూడకుండా, కానీ నలుగురి మధ్యలో జరగాలి. ఒంటరిగా గదిలో చేస్తే ఎదుటి మనిషి ఇచ్చే మాట ఉండదు. నెట్‌లో చేస్తే వేలమంది ముందు పరువు పోతుంది. ఈ రెండింటికీ మధ్యలో ఉండాల్సిన గది చిన్న ఊళ్లల్లో లేదు. పాట అడిగితే నిమిషంలో రాసిచ్చే ఏఐ యాప్‌లు ఫోన్‌లోనే ఉన్నాయి కాబట్టి రాసుకొచ్చిన ర్యాప్ ఎవరిదో చెప్పడం కూడా కష్టమవుతోంది. ఎదురుగా నిలబడి చెప్పిన మాటకి విలువ ఇంకా పెరగాల్సిన టైం ఇది, జరుగుతున్నది మాత్రం రివర్స్.

తిట్లు నిషిద్ధం అని బోర్డు పెట్టిన కేఫ్

ఆ గది ఎలా ఉండాలో చూపించిన చోటు ఒకటుంది. 1989 చివర్లో లాస్ ఏంజిల్స్‌లో గుడ్ లైఫ్ అనే హెల్త్ ఫుడ్ కేఫ్‌లో గురువారం రాత్రుల్లో ఓపెన్ మైక్ మొదలైంది. అప్పుడు ఆ సిటీ ర్యాప్ అంటేనే గ్యాంగ్‌స్టర్ ర్యాప్, బూతులు. గుడ్ లైఫ్‌లో మాత్రం బూతు మాట్లాడకూడదు, అదీ రూల్. నచ్చకపోతే జనం గోల చేసేవాళ్లు కాదు, ‘దయచేసి మైక్ పక్కవాళ్లకివ్వు’ అని కోరస్‌గా అనేవాళ్లు. అంతే, ఎంత పేరున్నవాడైనా దిగిపోవాల్సిందే. ఫ్రీస్టైల్ ఫెలోషిప్ లాంటి గ్రూపులు అక్కడే పదునెక్కాయి. ఆ మైక్ ముందు నిలబడిన అమ్మాయిల్లో ఒకరు అవా డువర్నే. తర్వాత ‘సెల్మా’ సినిమా తీసిన ఆమే, గుడ్ లైఫ్ మీద 2008లో డాక్యుమెంటరీ కూడా తీశారు. బూతు వద్దనడంతో వాళ్ల ర్యాప్ చప్పబడలేదు. నోటికి తేలిగ్గా వచ్చే మాట అడ్డుకుంటే బుర్ర ఇంకో మాట వెతుక్కుంది. నిషిద్ధాక్షరి చేసే పని కూడా అదే కదా.

స్పెయిన్, ఫ్రాన్స్ సరిహద్దులోని బాస్క్ జనం ఇంకో అడుగు ముందుకేశారు. వాళ్ల భాష మాట్లాడేవాళ్లు పది లక్షలు కూడా ఉండరు. మన ఉమ్మడి జిల్లా జనాభా కంటే చాలా తక్కువ. వాళ్లకు ఆశువుగా పద్యం పాడే పోటీ ఉంది, నాలుగైదేళ్లకోసారి పెద్ద ఛాంపియన్‌షిప్ జరుగుతుంది. అంశం ఇచ్చే మనిషి వేదిక మీదే ఉంటారు, ఇచ్చిన కొద్ది సెకన్లకు పాడాలి. 2022 డిసెంబర్‌లో పాంప్లోనా ఇండోర్ స్టేడియంలో జరిగిన ఫైనల్‌కి వేలమంది వచ్చారు. గెలిచింది మాయాలెన్ లుహాన్బియో అనే మహిళ, అది ఆమెకు మూడో టైటిల్. ఆ స్టేడియం నిండటానికి వెనక ఊరూరా చిన్నపిల్లలకు ఆశువు నేర్పే బడులున్నాయి. అక్కడ వాళ్లు తప్పులు చేస్తారు, ఎవరూ అప్‌లోడ్ చేయరు.

మన దగ్గర ప్రభుత్వం కళాకారులను పట్టించుకోలేదని అనలేం. తెలంగాణ సాంస్కృతిక సారథి ఉంది, గద్దర్ పేరుతో సినిమా అవార్డులు వచ్చాయి, 12 మెట్ల కిన్నెర వాయించే ఈ జిల్లా మనిషి దర్శనం మొగిలయ్యకు 2022లో కేంద్రం పద్మశ్రీ ఇచ్చింది. ఇవన్నీ అప్పటికే చేయి తిరిగినవాళ్లకు. ఇంకా తడబడుతున్న పదిహేడేళ్ల పిల్లలకు ఏముందంటే, ఏమీ లేదు.

దీనికి పెద్ద బడ్జెట్ కూడా అక్కర్లేదు. కోస్గి ఇంజినీరింగ్ కాలేజీలో క్లాసులు అయిపోయాక ఖాళీగా ఉండే ఒక గది, ఒక బ్లూటూత్ స్పీకర్, గుమ్మం దగ్గర ఫోన్లు వేసే డబ్బా. పృచ్ఛకుడిగా కూర్చోవడానికి తెలుగు లెక్చరర్ అయితే మంచిది, పీర్ల పాట కట్టే పెద్దమనిషి అయితే ఇంకా మంచిది. కులం, ఆడవాళ్లు నిషిద్ధం అని గోడ మీద రాసి పెట్టుకోవచ్చు. గుడ్ లైఫ్‌లో గురువారం రాత్రులు ఇది నడిచింది. కోస్గిలో మాత్రం శనివారం పెట్టుకోవాల్సి రావొచ్చు, హైదరాబాద్ హాస్టళ్లలో చదువుకునేవాళ్లు బస్సెక్కి ఇంటికొచ్చేది ఆ సాయంత్రమే మరి.